డ్రెస్సింగ్

అమలాపురం పెద్దాస్పత్రిలో
ముప్పైరెండేళ్ళు నా పని డ్రెస్సింగు.
గాజుగుడ్డ, దూది, స్పిరిటు,
ట్రేలో కత్తెర చేసే చిన్న చప్పుడు.
అంచేత మొన్న సుగరు డాక్టరమ్మ
"రోజూ సలాడు తినండి, సీసాలో అమ్మేది వద్దు,
డ్రెస్సింగు ఇంట్లోనే చేసుకోండి" అంటే
నవ్వాగలేదు నాకు.
దోసకాయకి ఏం దెబ్బ తగిలిందండీ, అన్నాను.
ఆవిడ నవ్వలేదు. నా వెనక చాలామంది ఉన్నారు.

సరే. చేతులు కడుక్కున్నాను,
మోచేతుల దాకా. అలవాటు.

నువ్వులు ముందు నీళ్ళలో పొయ్యాలి.
తాలు తేలుతుంది, ఇసక అడుక్కి దిగుతుంది.
ఇవి లంక నువ్వులు,
గోదారిని కాస్త వెంటబెట్టుకునే వస్తాయి.
నువ్వులూ నీళ్ళూ ఒక్క గిన్నెలో చూసి
చెయ్యి కాసేపు ఆగింది.
వంటింట్లో ఈ రెండూ కలిస్తే కడుగుడు,
ఏటిగట్టున కలిస్తే సెలవు.

ఇవి భూషణం లంకలో పండినవి.
అరికాలికి పుండు. అతనిదీ సుగరే.
అప్పటికింకా వంతెన లేదు, పంటెక్కి వచ్చేవాడు
నలభై మూడు రోజులు.
కాలు నా ఒళ్ళో పెట్టి కిటికీలోకి చూసేవాడు.
పాత గుడ్డ ఊడదీసేటప్పుడు
మనుషులు మాట్లాడతారు,
నొప్పి అటెటో పోవాలని.
పెళ్ళానికి చెప్పనివీ, దేవుడికి చెప్పనివీ.
భూషణమూ ఒకటి చెప్పాడు.
బొటనవేలు పోయింది. కాలు దక్కింది.
ఆ వేసవి నుంచీ ఏటా రెండు కేజీల నువ్వులు,
ఎరువు బస్తా కోసి కుట్టిన సంచీలో.

ఈ ఏడు కూతురు నూకరత్నం తెచ్చింది.
గుమ్మంలో నిలబడి "నాన్న ఇమ్మన్నారండి" అంది.
ఎప్పుడన్నాడో నేను అడగలేదు.
మంచినీళ్ళు తాగి, గ్లాసు బోర్లించి వెళ్ళింది.

బాండీలో సన్నసెగ. చుక్క నూనె వద్దు.
మొదటి విడత మాడ్చేశాను.
మా వరహాలు టీవీ ముందు నుంచే
"ముక్కు లేదా మీకు?" అంది.
రెండోసారి చెవి పెట్టాను.
చిట... చిటచిట...
ఒకటి ఎగిరొచ్చి కళ్ళద్దం మీద పడింది.
అప్పుడు దించాలి, అంతే, ఆ క్షణాన.

చల్లారాక మిక్సీలో పొడి.
రెండు వెల్లుల్లి రెబ్బలు, ఒక పచ్చిమిరపకాయ,
ఉప్పు, పెరట్లో నిమ్మకాయ పిండినంత.
నీళ్ళు కొంచెంకొంచెంగా.
ఎంత జారుగా అంటే ఏం చెప్పను,
ఆయింటుమెంటు కంటే పల్చన,
చెమటకాయలకి రాసే గులాబీరంగు లోషనంత.
పొడి కాకుండా ఉంచిన నాలుగు గింజలు పైన.

కీరా, క్యారెట్, ఉల్లిపాయ, మొలకొచ్చిన పెసలు.
మీద పోసి గరిటెతో కుమ్మకూడదు.
రుద్దకండి, అద్దండి.
వార్డులో కొత్తగా చేరిన పిల్లలకి
నేను చెప్పే మొదటి మాట అదే.
ఇన్నాళ్ళకి ఒక ముక్క
అబ్బా అనకుండా కట్టు కట్టించుకుంది.

వరహాలు వేలితో తీసి నాకింది.
"ఇది నువ్వుల పచ్చడేగా,
నీళ్ళెక్కువైన పచ్చడి.
దీనికి మళ్ళీ ఇంగ్లీషు పేరోటి!"
నిజమే. కాదనలేదు.
రెండోసారి కూడా వేలు పెట్టింది.
పెట్టి, మెల్లిగా, కంచంలోకి చూస్తూ,
"ఇంతకీ ఆ భూషణం మీకేం చెప్పాడండీ?"

పద్దెనిమిదేళ్ళుగా అడుగుతోంది.
మా వీధిలో ఎవరి నోట్లోనూ నువ్వుగింజ నానదు,
పొద్దున చెవిలో చెప్పింది
మధ్యాహ్నానికి కాలవ లాకుల దగ్గర వినిపిస్తుంది.

నేను నములుతున్నాను.
పన్నుకీ పన్నుకీ నడుమ
నలగని గింజ ఒకటి చిక్కుకుంది.
నాలుకతో కదపబోయి
ఊరుకున్నాను.

నానుతోంది.